లాప్‌టాప్‌లో నలభై కెమెరాలు, ఒక డేటా సెంటర్: ఆ లెక్కను నమ్మవచ్చా?

ప్రశ్న: నేను కాకినాడలో ఎం.టెక్ రెండో సంవత్సరం చదువుతున్నాను. ఒక ఊళ్లో నలభై నిఘా కెమెరాలు ఉన్నాయనుకుంటే, వాటి వీడియోను కూడళ్ల దగ్గర పెట్టిన చిన్న కంప్యూటర్లలోనే విశ్లేషించాలా, దూరంగా ఉన్న డేటా సెంటర్‌కు పంపాలా అన్నది నా థీసిస్ అంశం. మా ల్యాబ్‌లో పాత కంప్యూటర్లు తప్ప ఏమీ లేవు. క్లౌడ్‌ను, అంటే డేటా సెంటర్‌లోని కంప్యూటర్లను, అద్దెకు తీసుకునే స్తోమత నాకు లేదు. సిమ్యులేటర్‌తో, అంటే అసలు వ్యవస్థ లేకుండానే దాని నడకను లెక్కగట్టే సాఫ్ట్‌వేర్‌తో, చేయమని గైడ్ గారు చెప్పారు. స్నేహితులు క్లౌడ్‌సిమ్ అంటున్నారు, ఒక సీనియర్ ఐఫాగ్‌సిమ్ అన్నారు, ఇంకొకరు సిమ్‌గ్రిడ్ అన్నారు. అమీర్‌పేటలోని ఒక ప్రాజెక్టు సెంటర్ వాళ్లు కోడ్, గ్రాఫులు, రిపోర్టు అన్నీ కలిపి ఇస్తామంటున్నారు. ఇంట్లోవాళ్లు తీసేసుకోమంటున్నారు. అసలు లాప్‌టాప్‌లో తయారైన అంకెలను ఎవరైనా నమ్ముతారా? ఇది నేర్చుకుంటే ఉద్యోగానికి పనికొస్తుందా? నా లాప్‌టాప్‌లో 8 జీబీ ర్యామ్, విండోస్ ఉన్నాయి. అది చాలుతుందా మేడమ్?
ఒక పాఠకురాలు, కాకినాడ

జవాబు: మీరు అడిగినవాటిలో తేలికైనది ముందు చెప్పేస్తాను. మీ అంశానికి సిమ్‌గ్రిడ్ తీసుకోండి. ఐఫాగ్‌సిమ్‌ను చదివి చూడండి, కానీ దాని మీద థీసిస్ నిలబెట్టకండి. ప్రాజెక్టు సెంటర్‌కు పైసా కట్టకండి. ఇవి ఎందుకో ఇప్పుడు చెబుతాను.

ఏ సాఫ్ట్‌వేరూ తెరవకముందు ఒక కాగితం తీసుకోండి. ఒక్కో కెమెరా సెకనుకు 4 మెగాబిట్ల వీడియో పంపుతుందనుకుందాం. నలభై కెమెరాలకు 160 మెగాబిట్లు. ఊరి నుంచి బయటికి వెళ్లే లైను 100 మెగాబిట్లదైతే ఆ వీడియో అంతా డేటా సెంటర్‌కు చేరదు. ఇది తేల్చడానికి సిమ్యులేటర్ అక్కర్లేదు, ఎక్కం వస్తే చాలు. ఇంతమాత్రం ఫలితాన్నే రంగురంగుల గ్రాఫులుగా గీసి, కూడలిలో విశ్లేషించే పద్ధతి మెరుగైనదని తేల్చే థీసిస్‌లకు కొదవలేదు.

సిమ్యులేటర్ అవసరం పడేది చేతిలెక్కకు లొంగని చోట. లైను 200 మెగాబిట్లది, కానీ సాయంత్రం పూట దాన్ని ఇతరులూ వాడుకుంటారు. ఒక కూడలిలో కంప్యూటర్ చెడిపోయింది, దాని పనిని పక్క కూడలి అందుకోవాలి. జాతర రోజున అన్ని కెమెరాల ముందూ ఒకేసారి జనం పెరిగారు. అప్పుడు ఏ కూడలి హెచ్చరిక ఎంత ఆలస్యంగా పోలీసు కంట్రోల్ రూముకు చేరుతుంది? మీ థీసిస్ ప్రశ్న ఇక్కడుంది. గైడ్ గారి దగ్గర కూర్చుని ముందు ఈ ఒక్క వాక్యాన్ని ఖాయం చేసుకోండి. ఏ సిమ్యులేటర్ అన్నది ఆ వాక్యాన్ని బట్టి దానంతటదే తేలుతుంది. నేను సిమ్‌గ్రిడ్ అన్నది కూడా మీ ప్రశ్నలో బరువంతా నెట్‌వర్క్ మీద ఉందని తోచబట్టే.

సిమ్యులేటర్ మీ వీడియోలో ఒక్క ఫ్రేమును కూడా చూడదు. దాని దృష్టిలో కంప్యూటర్ అంటే సెకనుకు ఎన్ని లెక్కలు చేస్తుందో చెప్పే ఒక అంకె. పని అంటే ఎన్ని లెక్కలు కావాలో చెప్పే మరో అంకె. నెట్‌వర్క్ లింకు అంటే బ్యాండ్‌విడ్త్ (సెకనుకు ఎంత డేటా పడుతుంది), లేటెన్సీ (అటు చేరడానికి ఎంత ఆలస్యం) అనే రెండు అంకెలు. ఇవన్నీ చూసుకుని, తర్వాత జరగబోయే ఘటన ఏదో లెక్కగట్టి, గడియారాన్ని నేరుగా అక్కడికి జరిపేస్తుంది. మధ్యలో గంటసేపు ఏమీ జరగకపోతే ఆ గంట దానికి లేనట్టే. వారం రోజుల డేటా సెంటర్ కథ మీ లాప్‌టాప్‌లో నిమిషాల్లో ముగియడంలో మాయ ఏమీ లేదు. అంకెలు మీరిచ్చినవి, వాటిని పంచే నియమాలు సాఫ్ట్‌వేర్ రాసినవాళ్లవి. ఫలితాన్ని నమ్మాలా వద్దా అన్నది ఈ రెండింటి మీద ఆధారపడుతుంది. లాప్‌టాప్‌లో నడిపారా, సూపర్ కంప్యూటర్‌లో నడిపారా అన్నది ఎవరూ పట్టించుకోరు.

ఇక మీ స్నేహితులు చెప్పిన క్లౌడ్‌సిమ్. ఆస్ట్రేలియాలోని మెల్‌బోర్న్ విశ్వవిద్యాలయంలో రాజ్‌కుమార్ బుయ్య బృందం దీన్ని తయారుచేసింది. ఆయన మైసూరు, బెంగళూరు విశ్వవిద్యాలయాల్లో చదువుకుని వెళ్లినవారు. జావాలో రాశారు, 2009 నుంచి అందుబాటులో ఉంది. మన ఇంజినీరింగ్ కాలేజీల్లో క్లౌడ్ మీద ప్రాజెక్టు అంటే చాలామంది ముందు దీని పేరే చెబుతారు. మంచి పనిముట్టే. వర్చువల్ మెషీన్లను, అంటే ఒక సర్వర్ లోపల సాఫ్ట్‌వేర్‌తో సృష్టించిన కంప్యూటర్లను, ఏ సర్వర్ మీద కూర్చోబెట్టాలి, వాటికి పనులను ఎలా పంచాలి అన్న ప్రశ్నల కోసం పుట్టింది. ఆ ప్రశ్నలకు వాడితే తప్పు లేదు.

దాని మొదటి ఉదాహరణను నడిపి చూడండి. సెకనుకు 1,000 మిలియన్ల ఆదేశాలు నడిపే వర్చువల్ మెషీన్ ఒకటి, 4,00,000 మిలియన్ల ఆదేశాలున్న పని ఒకటి. ఈ పనిని వాళ్లు క్లౌడ్‌లెట్ అంటారు. తెర మీద వచ్చే ఫలితం: మొదలైంది 0.1కి, ముగిసింది 400.1కి, పట్టిన సమయం 400 సెకన్లు. ఆ 400 భాగహారమే. మరి 0.1 ఎక్కడిది? వర్చువల్ మెషీన్ బూట్ కావడానికి పట్టిన సమయం అనుకునేవాళ్లున్నారు. కాదు. మెషీన్ తయారైందన్న కబురును వెనక్కి పంపేటప్పుడు, రెండు ఘటనల మధ్య ఉండాల్సిన కనీస ఎడంగా కోడ్‌లో పెట్టిన స్థిరసంఖ్య అది. అసలు మెషీన్ బూట్ కావడానికి ఎంత పడుతుందో ఈ ఉదాహరణకు తెలియదు.

ఇప్పుడు అదే మెషీన్‌కు అలాంటి పనులు రెండు ఇవ్వండి. ఆ ఉదాహరణలో ఉన్న షెడ్యూలర్, అంటే ఏ పని ఎప్పుడు నడవాలో తేల్చే భాగం, సమయాన్ని పనుల మధ్య పంచుతుంది. కాబట్టి రెండూ సగం వేగంతో నడిచి 800 సెకన్ల దగ్గర కలిసి ముగుస్తాయి. దాని బదులు ఒకదాని తర్వాత ఒకటి నడిపే షెడ్యూలర్‌ను పెట్టండి. మొదటి పని 400కు, రెండోది 800కు ముగుస్తుంది. సగటు ముగింపు సమయం 800 నుంచి 600కు దిగింది. 25 శాతం మెరుగు! కొత్త అల్గారిథమ్ ఏదీ లేదు, కోడ్‌లో ఒక్క క్లాసు పేరు మారింది. ఏ రిపోర్టులోనైనా ‘ఇంత శాతం మెరుగు’ అని కనిపిస్తే, పోల్చిన రెండు వైపులా అడుగున ఒకే షెడ్యూలర్ ఉందా అని నేను ముందు చూస్తాను. మీ థీసిస్‌ను చూసే ఎగ్జామినర్‌కు కాస్త అనుభవముంటే ఆయనా అదే చూస్తారు.

విద్యుత్ ఆదా కూడా చూపించమని గైడ్ గారు రేపో మాపో అడుగుతారు. ఈ మధ్య అందరూ అడుగుతున్నారు. క్లౌడ్‌సిమ్ విద్యుత్ ఉదాహరణల్లో వాడే సర్వర్లు రెండు, హెచ్‌పీ ప్రోలయంట్ ఎంఎల్110 జీ4, జీ5. జీ4 ఖాళీగా ఉన్నప్పుడు 86 వాట్లు, పూర్తి పనిలో ఉన్నప్పుడు 117 వాట్లు తీసుకుంటుంది. ఏ పనీ లేకపోయినా గరిష్ఠంలో దాదాపు ముప్పాతిక వంతు తినే యంత్రమన్నమాట. అలాంటి యంత్రాలను ఖాళీ చేసి ఆపేస్తే ఎవరి అల్గారిథమ్ అయినా బోలెడు ఆదా చూపిస్తుంది. వాటితో వచ్చే పనిభారం ప్లానెట్‌ల్యాబ్ అనే పరిశోధన నెట్‌వర్క్‌లో 2011 మార్చి, ఏప్రిల్ నెలల్లోని పది రోజుల సీపీయూ వాడకం, ఐదు నిమిషాలకొకసారి నమోదు చేసినది. ఇతరుల ఫలితాలతో పోల్చుకోవడానికి ఆ దత్తాంశం ఇప్పటికీ పనికొస్తుంది. మీ కూడలిలోని చిన్న కంప్యూటర్ గురించి మాత్రం అది ఏమీ చెప్పదు.

సీనియర్ చెప్పిన ఐఫాగ్‌సిమ్ క్లౌడ్‌సిమ్ మీదే కట్టిన ఇల్లు. దానితో పాటు వచ్చే ప్రధాన ఉదాహరణలు రెండు. అందులో ఒకటేమిటో చెప్పనా? నిఘా కెమెరాలే. ఎన్ని ప్రాంతాలు, ప్రాంతానికి ఎన్ని కెమెరాలు అని రెండు సంఖ్యలు, విశ్లేషణ క్లౌడ్‌లోనా కాదా అని చెప్పే ఒక మీట. మీట ఇటు ఉంచితే ఒక గీత, అటు తిప్పితే ఇంకో గీత, గ్రాఫు సిద్ధం. ప్రాజెక్టు సెంటర్ మీకు ఇవ్వబోయేది పేర్లు మార్చిన ఈ ఉదాహరణేనని నా అనుమానం. ఉచితంగా దొరికే దాన్ని కొనుక్కోవడం ఒక ఎత్తు. అదే గ్రాఫును ఎగ్జామినర్ అంతకుముందే నలుగురి రిపోర్టుల్లో చూసి ఉండటం ఇంకో ఎత్తు. ఇంట్లోవాళ్లకు నా మాటగా ఇది చెప్పండి: వైవాలో ‘ఈ సంఖ్య ఎక్కడి నుంచి వచ్చింది?’ అని అడిగినప్పుడు ప్రాజెక్టు సెంటర్ వాళ్లు పక్కన ఉండరు.

ఐఫాగ్‌సిమ్ వద్దన్నది దాన్ని అందరూ వాడేస్తున్నారని కాదు. దాని తొలి రూపంలో పరికరాలన్నీ చెట్టులా ఉంటాయి. కెమెరాకు పైన కూడలి, కూడలికి పైన రూటర్, ఆ పైన క్లౌడ్. పైకి వెళ్లే లింకు మీద డేటా ఒక్కొక్కటిగా వరుసలో నిలబడి వెళుతుంది. ఒకే లింకును రెండు ప్రవాహాలు ఏకకాలంలో పంచుకోవడం అందులో లేదు. మీ ప్రశ్నేమో పక్క కూడలి పనిని అందుకోవడం గురించి, లైనును ఇతరులతో పంచుకోవడం గురించి. తర్వాతి రూపంలో సమూహాలను, కదిలే పరికరాలను చేర్చారు కానీ, మీకు కావాల్సిన కేంద్రబిందువు అది కాదు.

సిమ్‌గ్రిడ్ వయసులో వీటన్నిటికంటే పెద్దది. 1990ల చివర్లో అమెరికాలోని శాన్ డియాగోలో ఆన్రీ కాసనోవా మొదలుపెట్టారు. తర్వాత ఎక్కువగా ఫ్రాన్స్‌లోని పరిశోధకుల చేతుల్లో పెరిగింది. సీ ప్లస్ ప్లస్‌లో ఉంటుంది, పైథాన్ నుంచీ వాడుకోవచ్చు. ఎల్‌జీపీఎల్ అనే ఓపెన్ సోర్స్ లైసెన్సు, అంటే కోడ్‌ను ఎవరైనా చూడవచ్చు, మార్చుకోవచ్చు. బటన్లు, బొమ్మలు ఉన్న తెర ఏదీ ఉండదు, అది చూసి నిరాశపడకండి. కంప్యూటర్లు, లింకులు, దారులు ఏమిటో ఎక్స్‌ఎంఎల్ అనే పద్ధతిలో ఉండే ఒక టెక్స్ట్ ఫైలులో రాస్తారు. ఎవరు ఎప్పుడు ఏం చేస్తారో ప్రోగ్రాములో రాస్తారు.

నెట్‌వర్క్‌ను అది లెక్కగట్టే తీరు తెలుసుకోవాలి. గోదావరి కాలువలో ఏ తూము కింద ఎన్ని క్యూసెక్కులు పారుతాయో లెక్కగట్టినట్టు, ఏ ప్రవాహానికి ఎంత వాటా వస్తుందో చూస్తుంది. ఒక్కో చుక్క ఎటు పోతుందో చూడదు. చుక్క చుక్కనూ, అంటే ప్రతి ప్యాకెట్‌నూ (నెట్‌వర్క్‌లో వెళ్లే చిన్న డేటా పొట్లాన్ని) వెంబడించే సిమ్యులేటర్లు వేరే ఉన్నాయి. వాటిలో ఎన్ఎస్-3 పేరున్నది, జీపీఎల్ అనే ఓపెన్ సోర్స్ లైసెన్సు కింద ఉచితం. ఇంటర్నెట్‌లో డేటాను నష్టపోకుండా చేర్చే నియమావళి అయిన టీసీపీలో కొత్త రకాన్ని కనిపెట్టేవాళ్లకు, వైఫై లోపలి సంగతులు కావాల్సినవాళ్లకు అదే సరైనది. నలభై కెమెరాలను రోజంతా ప్యాకెట్ల లెక్కన నడిపితే మీకు గంటలకు గంటలు పడుతుంది, అంత వివరం మీ ప్రశ్నకు అక్కర్లేదు కూడా. ఓమ్నెట్ ప్లస్ ప్లస్ అని ఇంకోటి ఉంది. చదువులకు, పరిశోధనకు ఉచితం, వ్యాపారానికి మాత్రం దాని లైసెన్సు వేరు. సోర్స్ కోడ్ కనిపిస్తోంది కదా అని అన్నీ ఒకే రకం ఓపెన్ సోర్స్ అనుకోకూడదు.

ఇప్పుడు సిమ్‌గ్రిడ్‌కూ అదే చేతిలెక్క పరీక్ష పెట్టండి. సెకనుకు 1 గిగాఫ్లాప్ (వంద కోట్ల లెక్కలు) చేసే కంప్యూటర్‌కు 5 గిగాఫ్లాప్‌ల పని ఇవ్వండి. సరిగ్గా 5 సెకన్లు రావాలి, వస్తుంది. తర్వాత, పోను రాను దారులు విడివిడిగా ఉన్న లింకు ఒకటి పెట్టండి. బ్యాండ్‌విడ్త్ సెకనుకు 125 మెగాబైట్లు, లేటెన్సీ 50 మైక్రోసెకన్లు. దాని మీద 125 మెగాబైట్లు పంపండి. ఒక సెకను, పైన పిసరంత వస్తుందని మీరు అనుకుంటారు. వచ్చేది 1.03 సెకన్లు. ఎందుకంటే మామూలుగా వాడే నెట్‌వర్క్ నమూనాలో బ్యాండ్‌విడ్త్‌ను 0.97తో, లేటెన్సీని 13.01తో గుణిస్తారు. ప్రతి ప్యాకెట్ ముందు చేరే టీసీపీ హెడర్లకు పోయే భాగం, ప్రవాహం మెల్లగా ఊపందుకోవడం వంటివాటికి పరిహారంగా, ప్యాకెట్ల లెక్కతో పోల్చి చూసి పెట్టిన గుణకాలు అవి. ఆ రెండు సంఖ్యలూ కోడ్‌లో ఎక్కడున్నాయో మీరు తెరిచి చూడవచ్చు, ఎవరు ఏ ప్రయోగంతో వాటిని రాబట్టారో చదవవచ్చు. కావాలంటే ఆదేశంలో ఒక్క మాటతో మార్చుకోవచ్చు. నమ్మవచ్చా అని మీరు అడిగారు కదా, ఓపెన్ సోర్స్ అన్న మాటకు మీ విషయంలో అసలు విలువ అదే. ఉచితం కావడం ఆ తర్వాతి సంగతి.

ఆ 13.01 మీ కొంప ముంచగలదు కూడా. మీ వ్యవస్థలో రెండు రకాల డేటా ఉంది. ఒకటి వీడియో ముక్కలు, ఒక్కోటి కొన్ని మెగాబైట్లు. రెండోది ‘ఇక్కడ గుంపు పోగైంది’ అనే హెచ్చరిక, కొన్ని వందల బైట్లు. సుమారు 100 కిలోబైట్లు దాటిన డేటాకే ఈ నమూనా బాగా కుదురుతుంది. వీడియో ముక్కలకు బెంగ లేదు. హెచ్చరిక సంగతి చూడండి. డేటా సెంటర్‌కు లేటెన్సీ 20 మిల్లీసెకన్లు అనుకుంటే, సిమ్‌గ్రిడ్ దాన్ని 13.01తో గుణించి 260 మిల్లీసెకన్లు అంటుంది. ముందే తెరిచి ఉంచిన కనెక్షన్ మీద అంత చిన్న సందేశం నిజంగా చేరడానికి 20 మిల్లీసెకన్ల కంటే పెద్దగా ఎక్కువ పట్టదు. ఈ సంగతి చూసుకోకపోతే డేటా సెంటర్ పద్ధతి అన్యాయంగా ఓడిపోతుంది, కూడలి పద్ధతి ఊరికే గెలుస్తుంది, మీరు సంతోషంగా గ్రాఫు గీస్తారు. చిన్న సందేశాలకు లేటెన్సీ గుణకాన్ని మీరు కొలిచిన విలువకు మార్చి నడపండి. మార్చిన సంగతి, కారణం థీసిస్‌లో రాయండి. ఈ ఒక్క పేరా మీ థీసిస్‌ను అమ్మకానికి దొరికే రిపోర్టుల నుంచి వేరు చేస్తుంది.

ఇలాంటిదే మరొకటి. ఒక ప్రవాహం టీసీపీ విండో (అందిందన్న కబురు రాకముందే పంపగల డేటా హద్దు) వల్ల ఎంత వేగం దాటలేదో కూడా సిమ్‌గ్రిడ్ లెక్కలోకి తీసుకుంటుంది. విండో పరిమాణం మామూలుగా 41,94,304 బైట్లు. దాన్ని లేటెన్సీకి రెట్టింపుతో భాగిస్తారు. విదేశంలోని డేటా సెంటర్‌కు ఒకవైపు లేటెన్సీ 100 మిల్లీసెకన్లయితే, మీరు ఎంత లావు లింకు పెట్టినా ఒక్క ప్రవాహానికి సెకనుకు దాదాపు 21 మెగాబైట్లే దక్కుతాయి. సెకనుకు 125 మెగాబైట్ల లింకు పెట్టి 21 రావడం చూసి సిమ్యులేటర్‌లో దోషం ఉందనుకునేవాళ్లున్నారు. ఆ విండో హద్దును పెంచి పెట్టుకోని కంప్యూటర్లలో నిజంగానూ అలాంటిదే జరుగుతుంది.

అన్నట్టు, మెగాబైటుకూ మెగాబిట్‌కూ మధ్య ఎనిమిది రెట్లు తేడా. ఎక్స్‌ఎంఎల్ ఫైలులో ఆ తేడా ఒక్క అక్షరం చిన్నదా పెద్దదా అన్నదాంట్లో ఉంటుంది. ఫైలు రాశాక ఆ అక్షరాలను ఇంకొకరితో చూపించుకోండి.

సాఫ్ట్‌వేర్ నియమాల సంగతి అయింది. మీరిచ్చే అంకెలు ఎక్కడి నుంచి తెస్తారు? చాలా రిపోర్టుల్లో ‘కూడలి కంప్యూటర్ వేగం 2,800, క్లౌడ్ వేగం 44,800’ వంటి సంఖ్యలు ఉంటాయి. ఐఫాగ్‌సిమ్ ఉదాహరణలో ఉన్నాయి కాబట్టి రిపోర్టులోనూ ఉంటాయి, అంతకుమించి కారణం ఉండదు. మీ ల్యాబ్‌లోని పాత కంప్యూటర్లను మీరు తక్కువ చేసి రాశారు, కానీ ఇక్కడ అవే మీ ఆస్తి. ఒక నిమిషం వీడియోను పాత కంప్యూటర్ మీద మీ విశ్లేషణ ప్రోగ్రాముతో నడిపి సమయం చూడండి. 18 సెకన్లు పట్టిందనుకోండి. ఆ కంప్యూటర్ వేగాన్ని సెకనుకు 1 గిగాఫ్లాప్ అనుకుంటే ఆ పని 18 గిగాఫ్లాప్‌లు. దాని అసలు వేగం ఎంతన్నది మీకు అక్కర్లేదు, నిష్పత్తి చాలు. అదే వీడియోను ల్యాబ్‌లోని మంచి కంప్యూటర్ మీద నడిపితే 6 సెకన్లు పట్టిందా, దాని వేగం సెకనుకు 3 గిగాఫ్లాప్‌లు. ఒక్కసారి కాదు, వరసగా చాలాసార్లు నడపండి. సగటుతో పాటు ఎంత అటూ ఇటూ అవుతోందో కూడా రాసుకోండి. పగటి వీడియోకూ రాత్రి వీడియోకూ తేడా వస్తే ఇంకా మంచిది, అది మీకు దొరికిన విషయం. నెట్‌వర్క్‌ను కొలవడానికి రెండు కంప్యూటర్లు, ఒక స్విచ్, ఐపెర్ఫ్ అనే ఉచిత సాధనం చాలు.

తర్వాత మూడు ఫోన్లను కెమెరాలుగా పెట్టి, ల్యాబ్‌లోనే చిన్న వ్యవస్థను నిజంగా నడపండి. అదే వ్యవస్థను సిమ్‌గ్రిడ్‌లోనూ రాసి రెండు ఫలితాలనూ పక్కపక్కన పెట్టండి. అవి కలవవు. కలవకపోవడమే మామూలు. ఎంత తేడా వచ్చింది, ఏ వైపుకు వచ్చింది, ఎందుకు వచ్చింది అని వెతకడంలో మీకు వారాలు గడుస్తాయి. ఫోను వీడియోను ముక్కలుగా పంపకుండా ఎడతెగకుండా పంపుతోందని తెలియవచ్చు. పాత కంప్యూటర్ వేడెక్కి నెమ్మదించిందని తెలియవచ్చు. ఆ తేడా మీకు అర్థమై ఒక హద్దులోకి వచ్చాక, అప్పుడు మూడు నుంచి నలభైకి వెళ్లండి. నలభై కెమెరాల ఫలితాన్ని ఎవరూ సరిచూడలేరు, నిజమే. మూడు కెమెరాల దగ్గర మీ సిమ్యులేషన్ ఎంత తప్పిందో చూపించినవాళ్లను నలభై దగ్గర వింటారు. ఫ్రాన్స్‌లో గ్రిడ్’5000 అనే పరిశోధన వేదికలో నిజమైన సర్వర్ల మీద కొలిచి సిమ్‌గ్రిడ్ బృందం చేసేదీ పెద్ద ఎత్తున ఇదే.

రాండమ్ సీడ్‌లు (యాదృచ్ఛిక సంఖ్యల వరుసను మొదలుపెట్టే విలువలు) మార్చి మార్చి నడపడం, ఒక్క పరుగును ఫలితమనకపోవడం వంటివి మీ గైడ్ గారు చెప్పే ఉంటారు. నేను మళ్లీ చెప్పను. సిమ్‌గ్రిడ్ ఏ వెర్షన్, ఏ ఎక్స్‌ఎంఎల్ ఫైలు, ఏ ఆదేశం అన్నవి మాత్రం అనుబంధంలో తప్పకుండా పెట్టండి. చిన్న విషయమనిపిస్తుంది కానీ, 2007లో పీర్ టు పీర్ నెట్‌వర్కుల (కేంద్ర సర్వర్ లేకుండా కంప్యూటర్లు నేరుగా మాట్లాడుకునేవి) మీద సిమ్యులేషన్ చేసిన 141 పరిశోధన పత్రాలను తిరగేస్తే, దాదాపు సగంలో ఏ సిమ్యులేటర్ వాడారో కూడా లేదు. పెద్దపెద్దవాళ్ల పత్రాల సంగతే అది.

ఉద్యోగం గురించి. ‘సిమ్‌గ్రిడ్ వచ్చినవారు కావలెను’ అనే ప్రకటన మీకు దొరకదు. ఆ ఆశ పెట్టుకోకండి. అయితే సిమ్యులేషన్ కాలేజీ గోడల మధ్యనే ఉండిపోయిన విద్య కాదు. ఫౌండేషన్‌డీబీ అనే డేటాబేసును కట్టినవాళ్లు మొత్తం సర్వర్ల సమూహాన్ని ఒకే ప్రోగ్రాములో సిమ్యులేషన్‌గా నడిపేలా దాన్ని మొదటి నుంచీ రాశారు. డిస్కు చెడిపోవడం, నెట్‌వర్క్ తెగిపోవడం, సర్వర్ ఆగిపోవడం అన్నీ అందులో కృత్రిమంగా కల్పిస్తారు. ఎక్కడైనా తప్పు బయటపడితే, అదే సీడ్‌తో మళ్లీ నడిపి అదే తప్పును అదే చోట పట్టుకుంటారు. నిజమైన సర్వర్లలో నెలకోసారి కనిపించి మాయమయ్యే దోషాన్ని అలా కోరినప్పుడల్లా రప్పించవచ్చు. 2015లో యాపిల్ ఆ కంపెనీని కొంది, 2018లో ఆ డేటాబేసును ఓపెన్ సోర్స్ చేసింది. ఆ కోడ్ ఇవాళ మీరూ చదవవచ్చు. మీరు చేసేదానికీ దానికీ తేడా ఉంది. మీ సిమ్యులేషన్‌లో పని ఒక అంకె మాత్రమే, అక్కడ అసలు కోడే కల్పిత లోకంలో నడుస్తుంది. సిమ్‌గ్రిడ్‌లోనూ ఎంపీఐ ప్రోగ్రాములను, అంటే అనేక కంప్యూటర్లు సందేశాలు పంపుకుంటూ కలిసి చేసే పనులను, దాదాపు ఉన్నవున్నట్టే నడిపే భాగం ఒకటి ఉంది, సూపర్ కంప్యూటర్లకు ప్రోగ్రాములు రాసేవాళ్లకు అది పనికొస్తుంది. ఇంటర్వ్యూలో సాఫ్ట్‌వేర్ పేరు కాదు, మూడు కెమెరాల దగ్గర తేడా ఎందుకు వచ్చిందో చెప్పండి. ఎదుటివారు డిస్ట్రిబ్యూటెడ్ సిస్టమ్స్ తెలిసినవారైతే తర్వాతి ప్రశ్నలన్నీ అక్కడి నుంచే వస్తాయి.

8 జీబీ ర్యామ్ మీకు ధారాళంగా సరిపోతుంది. నలభై కెమెరాలు, పది కూడళ్లు, ఒక డేటా సెంటర్ అంటే సిమ్‌గ్రిడ్‌కు చాలా చిన్న వ్యవస్థ. విండోస్‌లోనే ఉబుంటు అనే లినక్స్‌ను పెట్టుకునే వీలు ఇప్పుడు మైక్రోసాఫ్టే ఇస్తోంది, దాన్ని డబ్ల్యూఎస్ఎల్ అంటారు. సిమ్‌గ్రిడ్‌ను అందులో పెట్టుకోండి, నేరుగా విండోస్ మీద పెట్టడానికి తంటాలు పడకండి. ఉబుంటు ప్యాకేజీల్లో అది సిద్ధంగా దొరుకుతుంది. మీకు పైథాన్ వచ్చి ఉంటే దానితోనే మొదలుపెట్టండి. మొదటి వారంలో కెమెరాల జోలికి వెళ్లకుండా ఆ 5 సెకన్ల పని, ఆ 1.03 సెకన్ల బదిలీ రెండూ రప్పించండి. తర్వాత అదే లింకు మీద ఒకేసారి రెండు బదిలీలు పెట్టి, రెండూ 2.06 సెకన్ల దగ్గర ముగుస్తున్నాయేమో చూడండి. ముగియకపోతే మీ ఎక్స్‌ఎంఎల్ ఫైలును, వచ్చిన అంకెలను నాకు పంపండి.